ఉపోద్ఘాతం, ఉపయోగాలు, ముగింపు... ఇంతేనా వ్యాసమంటే?

పోయిన సంక్రాంతికి ఊరెళ్ళినప్పటి సంగతి ఇది. మాది కె.కోటపాడు, చోడవరం దగ్గర. నేను చదువుకునే రోజుల్లో విశాఖపట్నం జిల్లా, 2022 నుంచి అనకాపల్లి జిల్లా. భోగికి ముందురోజు సాయంత్రం మా అక్క కూతురు, తొమ్మిదో తరగతి, నోటుబుక్కు పట్టుకొచ్చి "మావయ్యా, సెలవల్లో రాయమన్న వ్యాసం అయిపోయింది, తప్పులుంటే చూడవా" అంది. విషయం "రైతే దేశానికి వెన్నెముక".

చదవడం మొదలెట్టాను. భారతదేశం వ్యవసాయ ప్రధాన దేశమట. రైతు ఎండనకా వాననకా కష్టపడతాడట. మూడో లైనుకొచ్చేసరికి నాకు అనుమానం వచ్చింది. పేజీ మూసేసి, తర్వాత ఏముంటుందో గడగడా చెప్పేశాను. రైతు సమస్యలు, ప్రభుత్వం చేపట్టవలసిన చర్యలు, చివర్లో "కావున రైతు బాగుంటేనే దేశం బాగుంటుంది". పిల్ల నోరెళ్ళబెట్టింది. "నీకెలా తెలుసు మావయ్యా?"

ఎలా తెలుసంటే, పదిహేనేళ్ళ కింద ఇదే వ్యాసం నేనూ రాశాను కనక. నేను గైడులోంచి బట్టీ పట్టాను. అది చాట్‌జీపీటీని అడిగింది. అంతే తేడా.

ఇంకో సంగతి చెప్పాలి. మేమిద్దరం ఈ మాటలు మాట్లాడుకుంటున్నప్పుడు మా నాన్న ఎదురుగా అరుగు మీద కూర్చుని టీ తాగుతున్నాడు. నలభై ఏళ్ళు చెరకు పండించి, బెల్లం వండి, మూడేళ్ళ కింద చెరకు తీసేసి ఆ భూమిలో సరుగుడు వేసిన మనిషి. ఎందుకు మానేశాడు? ఆ పిల్లకి తెలీదు. నిజం చెప్పొద్దూ, నాకూ సరిగ్గా తెలీదు. వెన్నెముక ఎదురుగా కూర్చుని టీ తాగుతుంటే దాని గురించి ఫోన్ని అడిగి రాసిందన్నమాట మా మేనకోడలు. మార్కులు మాత్రం తప్పకుండా వస్తాయి.

అప్పట్నుంచి కడుపులో ఉన్న మంట ఇది. ఇవాళ కక్కేస్తున్నాను, భరించండి :)

మీలో చాలామందికి గుర్తుండే ఉంటుంది, మనం వ్యాసం ఎలా నేర్చుకున్నామో. సైడు హెడ్డింగులు ముందే తెలుసు: ఉపోద్ఘాతం, నిర్వచనం, ప్రయోజనాలు, నష్టాలు, ముగింపు. విషయం ఏదైనా సరే, విజ్ఞానశాస్త్రమైనా, సినిమాలైనా, వార్తాపత్రికలైనా, గ్రంథాలయాలైనా. ఒక టెంప్లేటు, అందులో ఖాళీలు. కింద గీత గీసి, స్కెచ్ పెన్నుతో హెడ్డింగు రాస్తే ఒక మార్కు ఎక్స్‌ట్రా. రైతు మీద రాసిన దానికి నాకు పదికి తొమ్మిది వచ్చాయి. ఇంటికొచ్చి గొప్పగా చదివి వినిపించాను. నాన్న అంతా విని అన్నాడు కదా, "బాగానే ఉంది గానీ, ఇందులో మనవెక్కడున్నాంరా?"

నేను నవ్వేశాను. "అది వ్యాసం నాన్నా. అందులో మనం ఉండకూడదు."

నా జీవితంలో నేను చెప్పిన తప్పు సమాధానాల్లో అదే పెద్దది. దానికే తొమ్మిది మార్కులు.

ఇంతకీ వ్యాసం అంటే ఏమిటి? లెక్కల పీరియడులో వ్యాసం అంటే వృత్తానికి ఈ చివర్నుంచి ఆ చివరికి, మధ్యబిందువు మీదుగా వెళ్ళే గీత. అందులో సగం వ్యాసార్థం. తెలుగు పీరియడులోనూ అదే మాట. సంస్కృతంలో దానికి విస్తరించడం, విడదీసి పరచడం అనే అర్థాలున్నాయి. వేదాలు విభజించాడు కాబట్టే వేదవ్యాసుడు. అంటే మాటలోనే ఒక పని ఉంది: ముద్దగా ఉన్నదాన్ని విడదీసి చూడటం. మనం చేస్తున్నది సరిగ్గా దానికి ఉల్టా. ఎవడో విడదీసి పెట్టినదాన్ని ముద్దలా మింగి, మళ్ళీ అదే ముద్దని పేపరు మీద పెడుతున్నాం.

ఇక ఇంగ్లీషువాడి ఎస్సే. అది ఫ్రెంచి మాట. అర్థం "ప్రయత్నం", "పరీక్ష". మాంటేన్ అనే ఆయన 1571లో ఉద్యోగం వదిలేసి బోర్డో దగ్గర తన కోటబురుజులో పుస్తకాల మధ్య కూర్చుని రాయడం మొదలెట్టాడు. 1580లో అచ్చు వేసి వాటికి ఈ పేరు పెట్టాడు. నరమాంసభక్షకుల మీద రాశాడు, వాసనల మీద రాశాడు, బొటనవేళ్ళ మీద కూడా రాశాడు. 1592లో పోయేదాకా రాసినదాంట్లోనే కొత్తవి చేరుస్తూ, తనతో తనే విభేదిస్తూ ఉన్నాడు. పాత మాట కొట్టెయ్యడు, పక్కన కొత్తది పెడతాడు. మన భాషలో చెప్పాలంటే కమిట్ హిస్టరీ అంతా కనపడుతూనే ఉంటుంది. ఆయన దృష్టిలో వ్యాసమంటే తెలిసింది చెప్పడం కాదు, తనకి ఏం తెలుసో ఏం తెలీదో రాసి చూసుకోవడం.

బంగారాన్ని, వెండిని గీటుపెట్టి నాణ్యం తేల్చే పనిని ఇంగ్లీషులో అస్సే అంటారు. ఎస్సే, అస్సే రెండూ ఒకే తల్లి బిడ్డలు. ఇది ఎక్కడో చదివినప్పుడు నాకు ఠక్కున గుర్తొచ్చింది బెల్లం పెనం. మా వైపు బెల్లం వండటం చూసినవాళ్ళకి తెలుసు. రసం మరుగుతూ ఉంటుంది, మడ్డి తీస్తూ ఉంటారు. పాకం దగ్గర పడిందనిపించగానే, పక్కన గిన్నెలో చల్లటి నీళ్ళు పెట్టుకుని అందులో కాస్త పాకం వేసి వేళ్ళతో నలుపుతారు. ఉండ కట్టిందా, దించాలి. కట్టలేదా, ఇంకా మంట పెట్టాలి. ముదిరిపోతే దిమ్మ పాడు. ఆ గిన్నెలో నీళ్ళే వ్యాసం. నా అభిప్రాయం ఉండ కడుతుందా లేదా అని వేసి చూసుకునే చోటు. గైడు వ్యాసం అంటారా, అది కొట్లో దిమ్మ కొనుక్కొచ్చి నేనే వండానని చెప్పడం.

"ఫ్రెంచివాడి సంగతి మనకెందుకోయ్" అనేవాళ్ళుంటారు. మన దగ్గరా ఉంది చరిత్ర. సామినేని ముద్దునరసింహం నాయుడు గారి "హితసూచని" 1862లో అచ్చయింది. ఆయన రాజమండ్రిలో మునసబుగా పనిచేసినాయన. చదువు, వైద్యం, పెళ్ళిళ్ళు లాంటి వాటి మీద జనం మాట్లాడుకునే భాషకి దగ్గరగా రాసి, ఒక్కోదానికీ "ప్రమేయం" అని పేరు పెట్టాడు. వ్యాసం అనే పేరు స్థిరపడక ముందే తెలుగువాడు వ్యాసం రాశాడు. తర్వాత పానుగంటి లక్ష్మీనరసింహారావు గారి "సాక్షి". 1711లో లండన్లో అడిసన్, స్టీల్ నడిపిన స్పెక్టేటర్ నమూనా తీసుకుని, దాన్ని పూర్తిగా మన వీధిలోకి దించేశాడు. జంఘాలశాస్త్రి నోరు విప్పితే ఊళ్ళో దుమ్మంతా లేస్తుంది. ఇక చలం "మ్యూజింగ్స్" సంగతి చెప్పక్కర్లేదు. ఒప్పుకోండి ఒప్పుకోకపోండి, ఆలోచిస్తున్న మనిషి మన ముందే ఆలోచిస్తూ కనపడతాడు. వీళ్ళెవరూ ఉపోద్ఘాతం కింద గీత గీయలేదు.

ఇప్పుడు అసలు గొడవకొద్దాం. ఇది మా ఊరికి మరీ దూరంలో జరిగింది కూడా కాదు. గిడుగు, గురజాడల వ్యావహారిక భాషోద్యమం గురించి అందరం చదువుకున్నాం, పరీక్షల్లో రాశాం (ఉపోద్ఘాతంతో సహా). కానీ ఆ కొట్లాటలో ఒక ముఖ్యమైన ఘట్టం దేని మీదో గుర్తుందా? పిల్లలు పరీక్షలో రాసే తెలుగు వ్యాసం మీద! ఇంటర్మీడియట్ పరీక్షలో తెలుగు వ్యాసరచన ఏ భాషలో ఉండాలి అన్నది మద్రాసు విశ్వవిద్యాలయం ముందున్న ప్రశ్న. పాఠశాలల ఇన్స్పెక్టరు యేట్స్ దొర, విశాఖపట్నం ఏవీఎన్ కాలేజీ ప్రిన్సిపాలు పి.టి. శ్రీనివాస అయ్యంగారు, పర్లాకిమిడిలో గిడుగు రామమూర్తి, విజయనగరంలో గురజాడ ఒక పక్క. జయంతి రామయ్య పంతులు గారి లాంటి గ్రాంథికవాదులు ఇంకో పక్క. 1914లో గురజాడ తన అసమ్మతి పత్రం రాసిచ్చాడు (ఇంగ్లీషులో!). మరుసటి ఏడు పోయాడు. ఆయన బతికుండగా ఆ పోరు గెలవలేదు. దశాబ్దాల తర్వాత గెలిచాం.

గెలిచామా? పిల్లవాడు ఏ భాషలో రాయాలన్న దాంట్లో గెలిచాం. ఏం చెప్పొచ్చన్న దాంట్లో గెలవలేదు. బిందు పూర్ణాలు, అరసున్నలు పోయాయి, క్రియలు మారాయి. కానీ వ్యాసంలో పిల్లవాడు లేడు, వాడి ఊరు లేదు, వాడి నాన్న లేడు. గిడుగు తలుపు తీశాడు. మనం పిల్లల్ని లోపలికి రానివ్వకుండా, వాళ్ళ చేత గైడుని పంపించాం. వాడుక భాషలో రాసిన గ్రాంథికం ఇది. నా మాటలు కటువుగా ఉన్నాయనిపిస్తే మీ ఇంట్లో పిల్లల నోటుబుక్కు తీసి చూడండి.

"సరేనయ్యా, మనం కోడు రాసుకునేవాళ్ళం, మనకెందుకీ సాహిత్యం గోల" అంటారా? అక్కడికే వస్తున్నా.

రెండేళ్ళ కింద నేను పనిచేసిన ఒక కంపెనీలో రాత్రి నడిచే బ్యాచ్ జాబ్ ఒకటి సగంలో చచ్చి, మళ్ళీ లేచి, కొన్ని లావాదేవీల్ని రెండోసారి నడిపేసింది. ఒకే బిల్లు రెండుసార్లు కట్టించుకున్నాం జనం దగ్గర. ఎందుకు జరిగిందో రిపోర్టు రాయమన్నారు. రాశాను. నేపథ్యం, కారణం, ప్రభావం, తీసుకోవలసిన చర్యలు. కారణం దగ్గర "మానవ తప్పిదం", చర్యల దగ్గర "అవగాహన పెంచాలి". అందరూ బాగుందన్నారు. ఇప్పుడు చూస్తే అది పదికి తొమ్మిది వచ్చిన రైతు వ్యాసమే! మూడు నెలలకి అదే జాబ్, అదే చావు, అవే డబుల్ బిల్లులు.

ఈసారి మా సీనియర్ ఒకావిడ పిలిచి, "టెంప్లేటు పక్కన పడెయ్యి. ఆ రాత్రి నువ్వు ఏం చూశావు, ఏమనుకున్నావు, ఎక్కడ అయోమయపడ్డావు, వరసగా మామూలు వాక్యాల్లో రాసుకురా" అంది. చిరాకుపడుతూనే కూర్చున్నాను. రెండో పేజీలో "అంతకుముందు ఏ హెచ్చరికా రాలేదు" అని రాసి, ఆ వాక్యం దగ్గర ఆగిపోయాను. నిజంగా రాలేదా? వెళ్ళి వెతికాను. ఆరు వారాలుగా వస్తూనే ఉంది. నా మెయిల్లో కనపడలేదు, ఎందుకంటే ఆ హెచ్చరికలు మరీ ఎక్కువ వస్తున్నాయని వాటిని వేరే ఫోల్డర్లోకి తోసేసే రూలు పెట్టుకున్నది నేనే. నేను దాచలేదు, నాకు నిజంగా గుర్తులేదు. "కారణం" అనే హెడ్డింగు కింద బుల్లెట్లు పెట్టినంతకాలం అది బయటపడే దారే లేదు. ఒక వాక్యం తర్వాత ఇంకో వాక్యం రావాలంటే మధ్యలో "ఎందుకంటే", "అయినా", "అందుకని" రావాలి. ఆ చిన్న మాటల దగ్గరే అబద్ధం దొరికిపోతుంది. బుల్లెట్ల మధ్య ఆ మాటలుండవు.

నాదొక చిన్న కంపెనీ గొడవ. పెద్దది కావాలంటే కొలంబియా తీసుకోండి. 2003 ఫిబ్రవరి 1న కల్పనా చావ్లాతో సహా ఏడుగురు పోయారు. లాంచ్ అప్పుడు నురుగు ముక్క ఒకటి ఎడమ రెక్కకి తగిలింది. షటిల్ ఇంకా పైనుండగానే ఇంజినీర్లు దాని మీద స్లైడ్లు తయారుచేశారు. ఒక స్లైడులో బుల్లెట్ల కింద బుల్లెట్లు, వాటి కింద ఇంకా చిన్న బుల్లెట్లు, అట్టడుగున ఒక ముక్క: తగిలిన నురుగు పరిమాణం అంచనా 1,920 ఘనపు అంగుళాలు, మన దగ్గరున్న పరీక్షలు చేసింది 3 ఘనపు అంగుళాల ముక్కతో. అంటే 640 రెట్లు తేడా. అంటే ఆ పరీక్షల మీద ఆధారపడి ఏమీ చెప్పలేం. ఈ "అంటే" అనే మాటే ఆ స్లైడులో గట్టిగా వినపడలేదు. ఎడ్వర్డ్ టఫ్టీ ఈ స్లైడుని విప్పి చూపించాడు, ప్రమాదంపై విచారణ చేసిన బోర్డు కూడా 2003 నివేదికలో ఆ సంగతి ఎత్తింది. స్లైడు వల్లే ప్రమాదం జరిగిందని నేననను. కానీ ముఖ్యమైన సంగతి కాగితం మీద ఉండి కూడా కనపడకపోవచ్చని దీన్ని మించిన ఉదాహరణ నాకు తెలీదు.

పాల్ గ్రాహం అని మన వృత్తివాడే, లిస్ప్ ప్రోగ్రామరు, 2004లో బడి వ్యాసానికీ అసలు వ్యాసానికీ తేడా ఏమిటో రాశాడు. బడి వ్యాసం ముందే ఒక పక్షం తీసుకుని లాయరులా వాదిస్తుంది, అసలు వ్యాసం ప్రశ్నతో మొదలై వెతుక్కుంటూ పోతుంది, ఇదీ టూకీగా ఆయన వాదన. నేనింకో మెట్టు దిగుతాను. మన గైడు వ్యాసం లాయరు కూడా కాదు. లాయరుకి కనీసం ఎదుటి పక్షం ఒకటుంటుంది!

ఇక అభ్యంతరాలు. ఇవి నేను మా ఫ్రెండ్స్ దగ్గర విన్నవే.

ఒకటి, "టీచరుకి నలభై యాభై మంది పిల్లలు. పాయింట్లు లెక్కపెట్టి మార్కులెయ్యడం తేలిక, సొంతంగా రాస్తే ఎలా దిద్దుతారు?" న్యాయమైన మాటే. మా పంతుళ్ళ మీద నాకు కోపం లేదు, వాళ్ళు దిద్దిన కట్టలు నేను చూశాను. కానీ దిద్దడానికి తేలికైనదాన్ని "పాయింట్ల జవాబు" అని పిలవండి, వ్యాసం అని పిలవకండి. పేరు పోతే వస్తువు కూడా పోతుంది. పదేళ్ళు అదే వ్యాసమని నమ్మిన పిల్ల పదకొండో ఏడు ఇంకోటుందని ఎలా కనుక్కుంటుంది?

రెండు, "నిర్మాణం వద్దా మరి? నోటికొచ్చింది రాసెయ్యడమేనా?" నిర్మాణం కావాలి. కానీ అది కనుక్కున్న తర్వాత వచ్చేది. కోడు పనిచేశాక రీఫాక్టర్ చేస్తాం గానీ, ఖాళీ క్లాసులు పాతిక రాసుకుని ప్రోగ్రామ్ అయిపోయిందని అనం కదా.

మూడు, "నేను, మా ఊరు, మా నాన్న అని రాసుకుంటే వ్యాసమైపోతుందా?" అవదు. ఇది అన్నిటికన్నా గట్టి అభ్యంతరం. "నేను" ఉన్నంతమాత్రాన సరిపోదు, ఆ "నేను" నీళ్ళ గిన్నెలో పడాలి. ఏ అభిప్రాయంతో లోపలికెళ్ళామో చెక్కుచెదరకుండా అదే అభిప్రాయంతో బయటికొస్తే, అది ఎంత సొంతగోలైనా గైడే. ఎవరి గైడు వాళ్ళే అచ్చేసుకున్నట్టు.

నాలుగోది ఈమధ్య వచ్చింది. "ఇంక రాయడం ఎందుకు, యంత్రం రాస్తుంది కదా." రాస్తుంది. గైడు వ్యాసం గైడు కన్నా బాగా రాస్తుంది. నా మొదటి రిపోర్టు కూడా నాకన్నా బాగా రాసి ఉండేది, "మానవ తప్పిదం" అన్న మాట ఇంకా మర్యాదగా పెట్టేది. కానీ నా మెయిల్లో ఆ రూలు పెట్టింది నేనని దానికెలా తెలుస్తుంది? నేను చెప్పాలి. నాకే గుర్తులేనిది నేనెలా చెప్తాను? రాస్తూ తడబడితేనే కదా బయటపడింది. ఫలితం మాత్రమే కావాలనుకునే చోట యంత్రానికి ఇచ్చేయండి, నాకేం బాధ లేదు. రాయడమే పని అయిన చోట దాన్ని ఇంకొకరికి ఇవ్వడం కుదరదు. నా బదులు మీరు ఎక్సర్‌సైజు చేస్తే నా పొట్ట తగ్గదు.

మళ్ళీ భోగి ముందురోజుకి. ఆ పిల్లతో అన్నాను, "తాతని ఒక్క ప్రశ్న అడుగు. చెరకు ఎందుకు మానేశావని." అది సిగ్గుపడుతూ వెళ్ళి అడిగింది. నాన్న మొదట నవ్వి ఊరుకున్నాడు. తర్వాత మొదలెట్టాడు. కోతకి మనుషులు దొరకడం, దొరికితే వాళ్ళ కూలి, ముందే బయానా ఇవ్వాల్సి రావడం. వండే రోజుల్లో రాత్రుళ్ళు పెనం దగ్గర నిలబడ్డం. నడుం. చివరికి, "మీ మావయ్య ఉద్యోగానికెల్లిపోనాడు. పాకం సూసే చెయ్యి ఇంకోటి నేదు. నాకా కళ్ళు ఆనవు" అన్నాడు. మామూలుగానే అన్నాడు, నా వైపు చూసి కూడా కాదు.

ఇన్నాళ్ళూ రేట్లు లేక మానేశాడనుకున్నాను. నేనే అందరికీ అలాగే చెప్పుకొచ్చాను.

పిల్ల రాత్రికి కూర్చుని రాసింది. మొదటి వాక్యం: "మా తాత చెరకు ఎందుకు మానేశాడో నాకు మొన్నటిదాకా తెలీదు." తెలీదు అని మొదలైన వ్యాసం మా ఇంట్లో అదే మొదటిది. పేజీన్నర. రెండు చోట్ల అచ్చుతప్పులు. కూలి లెక్క ఒకచోట తప్పు, నాన్నే దిద్దాడు. మొత్తం విని, "ఇందులో ఉన్నాంలే" అన్నాడు.

కనుమ మర్నాడు నేను బస్సెక్కేముందు అడిగాను, బళ్ళో ఏది ఇస్తావని. నన్నో పిచ్చివాణ్ణి చూసినట్టు చూసింది. "ఫోనుదే మావయ్యా. దీనికి మార్కులెవరేస్తారు?" తొమ్మిదో తరగతికే దానికి తెలిసిపోయింది, మార్కులకొకటి, ఇంటికొకటి అని. నాకు తెలియడానికి పదిహేనేళ్ళు పట్టింది. తనని తప్పుపట్టలేను, ఆ తొమ్మిది మార్కులు నేనూ తీసుకున్నవాణ్ణే. కానీ పిల్లలు నిజం రాసి ఇంట్లో దాచుకుని, అబద్ధం రాసి బళ్ళో ఇచ్చే పద్ధతికి తెలుగు బోధన అని పేరు పెట్టుకుని మనం ఎన్నాళ్ళు నడుపుతామో చెప్పండి.

తా.క.: ఇంటి కాపీ నా దగ్గరే ఉంది. ఆఫీసు బ్యాగులో పెట్టుకు తిరుగుతున్నాను. వచ్చే వారం ఒక డిజైన్ డాక్యుమెంటు రాయాలి. టెంప్లేటు తెరిచాను, "నేపథ్యం" అని ఉంది. చెరిపేసి "ఈ సిస్టమ్ ఎందుకు నెమ్మదిగా ఉందో మాకు ఇంకా తెలీదు" అని మొదలెట్టాను. మేనేజరు ఏమంటాడో చూడాలి.